మూడో నంబరు పొయ్యికి నేనే సాక్షి

మా క్యాంపు వంటగదిలో గ్యాసు పొయ్యిలు పీకేసి కరెంటు పొయ్యిలు పెట్టారు. పీకిన పొయ్యిలన్నీ తెచ్చి వాకిట్లో కుప్ప పోశారు. కుప్ప అంటే ఆషామాషీ కుప్ప కాదు. దుబాయ్‌లో దానికంటే ఎత్తయిన కట్టడం ఒకటుందని టూరిస్టులు చెప్పుకుంటారు గాని, నేను పక్కన నిలబడి చూసినవాణ్ణి, నమ్మను. తుక్కు బండి రెండు రోజుల్లో వస్తుందట. ఈలోపు ఎండకు ఆ పొయ్యిల జిడ్డు కరిగి వాసన మొదలైంది. ఏళ్ళ తరబడి చిట్లిన పోపులు, పొంగిన చాయలు, మాడిన పప్పులు, నాలుగు దేశాల మసాలాలు ఒకేసారి లేచి కూర్చున్న వాసన.

డ్యూటీ బస్సు దిగి గేటు దాటుతుంటే ఆ వాసన ముక్కుకు తగిలింది. కాళ్ళు అక్కడే ఆగిపోయాయి. నాకు నా చిన్నతనం గుర్తొచ్చింది.

నాకు చిన్నతనాలు రెండు. మొదటిది అందరికీ వచ్చినట్టే పుట్టగానే వచ్చింది, జగిత్యాల దిక్కు ఒక ఊళ్ళో గడిచింది. రెండోది నలభై రెండో ఏట, ఇదే అల్ వర్సాన్ క్యాంపులో, మూడో అంతస్తు గదిలో వచ్చింది. పన్నెండు మంది మగవాళ్ళను ఒక గదిలో కుక్కి, ఒకరి మీద ఒకరికి ఇనప మంచాలేసి, ఆలుబిడ్డలను నాలుగు గంటల విమాన దూరంలో పెడితే ఎంతటి సంసారైనా ఆరో తరగతికి దిగిపోతాడు. చెప్పులు దాచడం, పేర్లు పెట్టడం, గుర్రు పెట్టేవాడి మీసానికి టూత్‌పేస్టు పూయడం. మా గదికి పెద్ద ఒక నెల్లూరు చాచా. టైలరు పని చేసి, డ్రైవరు పని చేసి, ఆఖరికి మా కంపెనీ స్టోరులో కుదురుకున్న మనిషి. గడ్డం దువ్వుకుంటూ అనేవాడు: "గడ్డాలు నెరిసినాయి. బుద్ధులు మాత్రం ఇంకా లాగులేసుకోని తిరగతా ఉండాయి."

నేను ఈగను చూస్తే గద్ద అంటాను. అది నా పుట్టుక. గదికి కొత్తగా ఎవరొచ్చినా చాచా ముందే హెచ్చరించేవాడు: "వీడి నూరు మన పదిహేను. ఆ లెక్కన వినుకో అబ్బయ్యా."

మీరూ ఆ లెక్కనే వినండి. ఒక్కచోట మాత్రం పెంచను. ఆ చోటు వచ్చినప్పుడు నేనే చెప్తాను.

మా గదిలో ఒకతను ఉండేవాడు. అతడిది నిర్మల్ దిక్కు. నాకంటే ఎనిమిదేళ్ళు చిన్న. షటరింగ్ కార్పెంటరు, చేతిలో పనితనం ఉన్న మనిషి. సబ్బు సేటు అని పేరు పెట్టింది నేనే. అతడు చేతులు కడుగుతుంటే చూడాలి. పది వేళ్ళకూ విడివిడిగా తలస్నానం జరిగేది. మధ్యలో ఎవరైనా పలకరిస్తే లెక్క తప్పి చిటికెన వేలు నుంచి మళ్ళీ మొదలు. మేం మిగతావాళ్ళందరం నెలకు వాడే సబ్బు అతడొక్కడు వారంలో కరిగించేవాడు. వంట వంతు అతడిదైతే ఆ పూట బియ్యానికి తొమ్మిది నీళ్ళు. ఆ కడుగు నీళ్ళు పారించి ఉంటే అల్ వర్సాన్ ఇసుకలో రెండు పంటలు పండేవి. మేం కంచాలు ముందర పెట్టుకుని, ఆకలికి ఒకరి ముఖాలు ఒకరం పచ్చిపులుసులో నంజుకునేట్టు చూసుకునేవాళ్ళం.

"బియ్యం కడుగుతున్నవా తమ్మీ, దానికి హజ్ చేయిస్తున్నవా?" అని నేనంటే గది ఎగిరిపడేది. అతడూ నవ్వేవాడు, చేతులు మాత్రం ఆగేవి కావు.

అన్నిటికంటే పెద్దది గ్యాసు. కింది అంతస్తులో ఉమ్మడి వంటగది. గదికొక పొయ్యి, పొయ్యికొక నంబరు. మాది మూడు. ఎర్ర రంగుతో ఎవరో వంకరగా రాశారు. పొద్దున నాలుగింటికి గదికంతటికీ చాయ్ పెట్టే పని అతడే తీసుకున్నాడు, మరొకరు తోమిన గిన్నె అతడికి సయించదు గనుక. చాయ్ వడగట్టి, పొయ్యి ఆపి, నాబ్‌ను మూడుసార్లు నొక్కి, ప్రతి నొక్కుకూ "బంద్" అనేవాడు. బంద్, బంద్, బంద్. మెట్ల దాకా వచ్చి వెనక్కి. మళ్ళీ మూడు బంద్‌లు. గేటు దాకా వచ్చి వెనక్కి. బస్సు డ్రైవరు పఠాన్ హారన్ మీద మోచెయ్యి పెట్టి నిద్రపోయేవాడు. ఫోర్‌మన్ "యల్లా, యల్లా" అని గొంతు చించుకునేవాడు.

"బందయిందని నాకు ఎర్కే అన్నా," అన్నాడు ఒకసారి నాతో. "కండ్లతోని చూసిన, చేతితోని నొక్కిన. గని లోపట ఇంకోడు కూసున్నడు. 'నిజంగనా?' అంటడు. గంతే అంటడు. వానికి జవాబు చెప్పలేక సస్తున్న."

"ఒకటి పీకు వాన్ని."

"పీకితే ఇద్దరైతరు. మనం పోయినంక నైట్ షిఫ్టోళ్ళు వచ్చి పంటరు గదన్నా. నా ఒక్కని వల్ల వాళ్ళకేమన్నయితే?"

నాకు సాక్షి ఉద్యోగం ఎలా వచ్చిందంటే, ఒక పొద్దున బస్సు కదులుతోంది. అతడు మెట్టు మీద ఒక కాలు, నేల మీద ఒక కాలు పెట్టి, వంటగది వైపు చూస్తూ ఎటూ తేలడం లేదు. నాకు కిటికీ పక్క సీటు, సగం తెగిన నిద్ర, చేతికందే దూరంలో కల. "బంద్ చేసినవ్ తమ్మీ, నేను చూసిన, ఎక్కు," అన్నాను కళ్ళు మూసుకునే. ఎక్కేశాడు. ఆ తర్వాత కళ్ళు తెరిచి చూస్తే, జ్వరం దిగిన పసివాడి ముఖంలా ఉంది అతడి ముఖం.

అప్పటి నుంచి రోజూ అదే. బస్సు మెట్టు మీద నిలబడి, "గ్యాస్ బంద్ చేసిన్నా అన్నా?" అని అతడు. "చేసినవ్. చూసిన," అని నేను. అందుకు ప్రతిఫలంగా అల్లం దంచి వేసిన మొదటి గ్లాసు చాయ్ నాకే వచ్చేది. ఆ చాయ్ తాగితే పోయిన ప్రాణాలు తిరిగొచ్చేవి. పోనివి ఉంటే బలపడేవి.

ఇందులో ఒక సంగతి ఉంది. నేను ఒక్కనాడు కూడా చూడలేదు. అతడు పొయ్యి ఆపేవేళకు నేను గ్లాసులో మూతి పెట్టి, కండ్లు మూసుకుని ఉండేవాణ్ణి.

చాచా ఒకసారి అడిగాడు కూడా: "సాక్ష్యానికి ఈడే దొరికినాడా నీకు? ఈగని గద్దనే వాడే."

"అన్నకు చిన్న అబద్ధం చెప్పరాదు చాచా," అన్నాడు సబ్బు సేటు, ఎంతో తీరిగ్గా. "చెప్తే పెద్దదే చెప్తడు. గ్యాస్ నాబ్ గురించి అబద్ధం చెప్తే అన్నకేమొస్తది?"

గది నవ్వింది. అందరికంటే గట్టిగా నేను నవ్వాను.

ఇలాంటి మనిషిని నేను అంతకుముందే చూసి ఉన్నాను, మొదటి చిన్నతనంలో. మా చిన్నత్త. పెళ్ళయి ఏడాదికే పుట్టింటికి తిరిగొచ్చి, మా నడిమింట్లో బీడీలు చుట్టేది. ఒళ్ళో చేట, చేటలో తంబాకు, పక్కన తడి గుడ్డలో మూటగట్టిన తునికాకు. ఆ వాసనకు ఊళ్ళో ఈగలన్నీ మత్తెక్కి మా ఇంట్లోనే నిద్రపోయేవని చెప్తే, ఇక్కడ కూడా పదిహేను శాతమే నమ్మండి. వాడకట్టు ఆడవాళ్ళు సాయంత్రానికి వెయ్యి చుడితే అత్తవి ఆరు వందలు దాటేవి కావు. చేతి వేగం తక్కువై కాదు. కట్టకు ఇరవై అయిదు. ఆమె ప్రతి కట్టనూ మూడుసార్లు లెక్కపెట్టి, దారం చుట్టి, మళ్ళీ విప్పి లెక్కపెట్టేది.

"దీనికి చుట్టుడు తక్కువ, లెక్క జాస్తి," అనేది మా నాయనమ్మ. అత్త వంచిన తల ఎత్తేది కాదు.

ఒక ఎండాకాలం మధ్యాహ్నం, నాకు తొమ్మిదేళ్ళు. తోచలేదు. అత్త మంచినీళ్ళకు లేచినప్పుడు ఒక కట్టలోంచి ఒక్క బీడీ లాగాను. ఆమె వచ్చి లెక్కపెట్టింది. ఇరవై నాలుగు. మళ్ళీ లేచినప్పుడు తిరిగి దూర్చాను. ఇరవై అయిదు. మళ్ళీ లాగాను. మూడోసారికి ఆమె నుదుటి మీద చెమట. అన్ని కట్టలూ విప్పేసింది. నడిమిల్లంతా బీడీలు. కార్ఖానాలో బీడీల లెక్క తీసుకునే మున్షీ లేచిపోయే వేళ అయిపోయింది, ఆ రోజు పని ఆ రోజుకు పోయింది. సాయంత్రం మా అమ్మ పక్కన కూర్చుని, "నా కండ్లే నన్ను మోసం చేస్తున్నయ్ వదినా," అని ఏడ్చింది. నేను తలుపు చాటున బెల్లం అటుకులు నములుతూ, నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుని నవ్వాను. ఆ బీడీ నా లాగు జేబులోనే విరిగి పొడైంది.

అత్త పోయి చాలా కాలమైంది. ఆమెకు నేను చెప్పలేదు. తొమ్మిదేళ్ళవాడి ఆట గదా అని సర్ది చెప్పుకోవచ్చు, సర్ది చెప్పుకున్నాను కూడా. నలభై రెండేళ్ళవాడికి ఏం సర్ది చెప్పాలో తెలియక ఇది రాస్తున్నాను.

కరోనా వచ్చింది. క్యాంపు గేట్లు మూశారు. పనులు ఆగిపోయాయి. గేటు దగ్గరి నాతూర్, మాకు వాచ్‌మన్ కిందే లెక్క, ముక్కుకు గుడ్డ కట్టుకుని బందిపోటులా నిలబడ్డాడు. గోడల నిండా చేతులు కడుక్కునే బొమ్మలు అంటించారు. వేళ్ళ సందులు, గోళ్ళ కింద, మణికట్టు దాకా. ఆ బొమ్మలు చూసి మేమంతా నోళ్ళు తెరిచాం. మా సబ్బు సేటు ఏళ్ళ నుంచి చేస్తున్నది అచ్చంగా అదే.

ఇక చూడండి వైభోగం. నాలుగు అంతస్తుల జనం అతడి దగ్గర పాఠానికి వచ్చారు. బిహారీలు, బంగ్లా వాళ్ళు, పఠాన్‌లు నల్లాల దగ్గర వరుస కట్టారు. అతడు మధ్యలో నిలబడి, బొటనవేలు ఎత్తి చూపి "అంగూఠా పహ్లే, అంగూఠా," అంటుంటే, పెళ్ళి పీటల మీద పురోహితుడికి కూడా అంత మర్యాద దక్కదు. క్యాంపు బాసు పిలిచి మా అంతస్తుకు అతణ్ణి సఫాయీ ముదీర్‌ను, అంటే శుభ్రత మేనేజరును, చేశాడు. పుట్టి బుద్ధెరిగాక మొదటిసారి లోకమంతా అతడిలా అయింది, అతడు మామూలు మనిషయ్యాడు. ఆ నెల రోజులు ఎంత నవ్వాడో. పాటలు కూడా పాడేవాడు. చాచా ఎండు చేపలతో పులుసు పెడితే, ఎవరూ అడక్కుండానే రెండు ముద్దలు ఎక్కువ తిన్నాడు.

తర్వాత పక్క గదిలో ఇద్దరిని అంబులెన్సు తీసుకుపోయింది. అతడి నవ్వు ఆగింది. చేతులు కడగడం గంటలకు పోయింది. చర్మం ఎర్రబడి, పగిలి, కణుపుల దగ్గర నెత్తురు కారింది. చాచా సాయంత్రాలు అతణ్ణి మంచం అంచున కూర్చోబెట్టుకుని కొబ్బరినూనె పూసేవాడు. "రోగం నీళ్ళతో పోతాదిరా అబ్బయ్యా, భయం పోదు," అనేవాడు. అతడు నూనె పూయించుకునేదాకా ఓపిక పట్టి, లేచిపోయి కడిగేసుకునేవాడు.

నేను దాన్ని చూసి కూడా ఒక జోకు వేశాను. ఏం వేశానో రాయను.

పనులు మళ్ళీ మొదలయ్యాయి. ఇక్కడి నుంచి పెంచను.

బస్సులో సగం సీట్లే. అందుకని మా క్యాంపుకు రెండు బస్సులు. ఎక్కేటప్పుడు హాజరు, దిగేటప్పుడు హాజరు. చెప్పకుండా సైటు దాటితే ఖలాస్, ఇంటికే అని సూపర్‌వైజరు నాలుగు భాషల్లో చెప్పాడు. కంపెనీ పని తగ్గించుకుంటోంది, ఇంటికి పంపేవాళ్ళ లిస్టు తయారవుతోందని అందరికీ తెలుసు. ఊళ్ళో ఏం చెప్పాలి, ఏం తినాలి అని పెద్ద మగవాళ్ళు దుప్పట్లు కప్పుకుని గుసగుసలాడేవారు. నవ్వు అనేది మా గదిలోంచి లేచిపోయి వారాలైంది.

ఆ పొద్దున నేను మొదటి బస్సులో కిటికీ పక్కన ఉన్నాను. అతడి హాజరు రెండో బస్సులో. చేతులకు గుడ్డలు చుట్టుకుని నా కిటికీ కిందికి వచ్చాడు.

"గ్యాస్ బంద్ చేసిన్నా అన్నా?"

బస్సులో అందరూ నా వైపు చూశారు. చాలా రోజుల తర్వాత అన్ని ముఖాలు నా వైపు తిరిగాయి. వాళ్ళను నవ్వించాలనిపించింది.

"ఏమో తమ్మీ. ఇయ్యాల నేను చూడలే."

నవ్వారు. బస్సంతా నవ్వింది. నేను వెంటనే "చూసిన పో" అందామని నోరు తెరిచాను. బస్సు కదిలింది. సరే, సైటులో చెప్దాంలే అనుకున్నాను. రెండో బస్సును వేరే టవరుకు పంపారు.

నేను స్కాఫోల్డింగ్ మీద ఉండగా ఫోన్ మోగింది. అతడే. పక్కవాడికి చూపించాను. "ఇంకో రెండుసార్లు చెయ్యనియ్, మజా వస్తది," అన్నాను. జేబులో పెట్టుకున్నాను. పదకొండుసార్లు చేశాడు. పదకొండంటే పదకొండే. పని తీరక ఎత్తలేదని చెప్పలేను. మొదటి మూడు సరదాకు ఎత్తలేదు. ఆ తర్వాతవి, ఎత్తితే తిడతాడేమోనని ఎత్తలేదు. అతడు నన్ను ఎన్నడూ తిట్టి ఎరగడు.

ఫోర్‌మన్‌ను అరగంట సెలవు అడిగాడట, ఇవ్వలేదట. కంచె సందులోంచి బయటపడి, ఎండాకాలం ఎండలో, రోడ్డు అంచున క్యాంపు దాకా నడిచాడు. పదకొండు కిలోమీటర్లు. ఈ రెండు పదకొండులూ నేను కల్పించినవి కావు, అట్లా కుదిరాయి.

ఆ రోజు చాచాకు సెలవు. చూసింది ఆయనే. సాయంత్రం మేం వచ్చాక చెప్పాడు.

"పొయ్యి ముందర కూసోని ఉండాడు. నాబ్ మీద చెయ్యి. తియ్యమంటే తియ్యడు. తీస్తే తెరుచుకుంటాదంట. ఉప్పూ నిమ్మకాయ కలిపి నీళ్ళు నోట్లో పోసినాను. అట్నే మింగినాడు, చెయ్యి మాత్రం తియ్యలా."

"పొయ్యి బందే ఉండెనా చాచా?" అని అడిగాడు గదిలో ఎవరో.

చాచా అడిగినవాడి వైపు చూడలేదు. నా వైపు చూశాడు. బస్సులో జరిగింది అప్పటికే ఆయన చెవిన పడింది.

మర్నాడు అతణ్ణి ఆఫీసుకు పిలిచారు. చాచా నా మంచం దగ్గరికి వచ్చాడు. కోపంగా కాదు, బతిమాలుతున్నట్టు.

"నువ్వొచ్చి ఒక్క మాట చెప్పు. తమాషాకి నేనన్నానని చెప్పు. ఆఫీసు ముదీర్ నిన్ను రెండు తిడతాడు, హాజరు కోస్తాడు. వాడి పేరు లిస్టులో ఎక్కకుండా పోతాది."

వెళ్ళాను. చాచా నా చెయ్యి పట్టుకుని రాగా ఆఫీసు గుమ్మం దాకా వెళ్ళాను. బల్ల ముందు అతడు గుడ్డలు చుట్టిన చేతులు వెనక్కి కట్టుకుని నిలబడి ఉన్నాడు. ముదీర్ నా వైపు తిరిగి, "తుమ్ కో కుచ్ మాలూమ్ హై?" అన్నాడు. ఆయన ముందర ఒక కాగితం ఉంది, దాని మీద పేర్లున్నాయి, చివర ఖాళీ ఉంది. ఆ ఖాళీ నాకు కనబడింది. ఇంటి దగ్గర నా బిడ్డ నర్సింగ్‌లో చేరి మూడు నెలలే అయింది.

"నహీ సాబ్. మాలూమ్ నహీ."

అతడు తల తిప్పి నన్ను చూశాడు. బస్సులో నేనన్న మాట అతడైనా చెప్పవచ్చు. చెప్పలేదు. అప్పుడూ చెప్పలేదు, తర్వాతా చెప్పలేదు. చాచా నా చెయ్యి వదిలేసి ముందు నడిచి వెళ్ళిపోయాడు. ఆ తర్వాత ఊరికి వెళ్ళిపోయేదాకా ఆయన నాతో మాట్లాడాడు, తిన్నావా అన్నాడు, పడుకో అన్నాడు. నా నూరు ఆయన పదిహేను అనే మాట మాత్రం మళ్ళీ అనలేదు.

విమానాలు మొదలయ్యాక అతణ్ణి పంపారు. గేటు దగ్గర నాతూర్ కాగితాలు చూస్తుంటే, అతడు సంచీ కింద పెట్టి నా వైపు తిరిగాడు.

"సంచికి తాళం ఏసిన్నా అన్నా?"

ముందు నాకు అర్థం కాలేదు, ఇంకా నన్నే అడుగుతున్నాడని. వంగి, తాళం పట్టుకుని లాగి చూశాను. రెండుసార్లు లాగాను. పడి ఉంది. "ఏసినవ్ తమ్మీ," అన్నాను. అతడికి నేను చెప్పిన మాటల్లో చూసి చెప్పింది అదొక్కటే.

"నువ్వు చెప్తే అయిపాయె," అని బండెక్కాడు.

ఇదంతా ఆ జిడ్డు వాసన ముందు నిలబడితే తిరిగొచ్చింది. ఆ గదివాళ్ళలో నేను తప్ప ఇప్పుడు ఎవరూ లేరు. చాచా లేడు, పఠాన్ లేడు. గోడ మీది చేతుల బొమ్మల మీద రెండుసార్లు సున్నం పడింది.

సాయంత్రం నా బిడ్డకు ఫోన్ చేశాను. ఇప్పుడు కరీంనగర్‌లో ఆస్పత్రిలో నర్సు. ఈ కథంతా నా పేరు తీసేసి, ఎవరో ఒకడు ఇట్లా చేశాడట అని చెప్పాను. తండ్రి నూరుకు ఎంత తీసెయ్యాలో దానికీ తెలుసు గాని, ఈసారి ఏమీ తీసెయ్యకుండా విన్నది.

"దానికి ఓసీడీ అంటరు బాపూ. అలవాటు గాదది, జబ్బు. వాళ్ళకు ఎర్కనే ఉంటది ఏం గాలేదని. నమ్మబుద్ధి గాదు. మందులున్నయ్. నవ్వేది గాదు."

"రోజూ ఒకడు పక్కన ఉండి 'చూసిన, చూసిన' అంటే మంచిది కాదా?"

"గట్లంటె జబ్బు ఇంకా పెరుగుతది బాపూ. ఒకనాడు అననోడు దొరికితే మనిషి ఆగమైతడు." ఆ వెంటే అడిగింది: "గా అన్నోడు ఎవలు?"

"ఉన్నడులే ఒకడు," అన్నాను.

మర్నాడు సెలవు. అతడి నిర్మల్ నంబరు నా ఫోన్‌లో ఇంకా ఉంది. ఇన్నేళ్ళూ ఉంది. చేశాను. మూడో రింగుకే ఎత్తాడు. వెనకాల రంపం చప్పుడు. తలుపులు, కిటికీలు చేస్తున్నాడట. నిజామాబాద్‌లో డాక్టరుకు చూపించుకుంటున్నాడట, గోళీలు వేసుకుంటున్నాడట, చేతులు బాగానే ఉన్నాయట. "ఇప్పుడు బియ్యం మూడు నీళ్ళే అన్నా," అన్నాడు గర్వంగా.

చెప్పేశాను. బస్సులో తమాషాకు అన్నానని అతడికి తెలుసు. ఫోన్ కావాలనే ఎత్తలేదని తెలియదు, అది చెప్పాను. ముదీర్ ముందు ఎందుకు నోరు మూసుకున్నానో చెప్పాను. రంపం ఆగింది.

"అదంత ఇడిశిపెట్టు అన్నా," అన్నాడు చివరికి. "గ ఒక్క ముచ్చట చెప్పు. నేను నడిశి పోయేసరికి నాబ్ బందే ఉండె. గని పొద్దుగాల నేను బంద్ చేసిన్నా, లేకుంటె నేను పోకముందు ఎవలన్న చేసిర్రా? నువ్వు గాడనే చాయ్ తాగుతుంటివి. గిన్నేండ్లయింది, గదొక్కటి లోపటికెళ్ళి పోతలే."

నాలుక చివర ఉంది మాట. చేసినవ్ తమ్మీ, చూసిన. ఎన్నో వందలసార్లు అన్న మాట. చిన్నది. అంటే ఆ రంపం మళ్ళీ హాయిగా నడుస్తుంది. ఇంతకంటే లక్ష రెట్లు పెద్దవి రోజుకు పది చెప్పే నోరు నాది.

"నాకు తెల్వదు తమ్మీ," అన్నాను. "నేను చూడలే. గ రోజే గాదు. ఎన్నడూ చూడలే. రోజూ కండ్లు మూసుకోనే చెప్పిన."

ఫోన్ పెట్టేస్తాడనుకున్నాను.

"ఎన్నడూనా?"

"ఎన్నడూ."

"మరి గన్ని దినాలు ఏం గాలేదు గదన్నా," అన్నాడు నెమ్మదిగా. ఏదో కూడుకుంటున్నట్టుంది గొంతు. "డాక్టర్ సాబ్ గూడ గదే మాట అనుమంటడు. తెల్వదు, తెల్వకున్నా నడుస్తది అని అనుకొమ్మంటడు. నాకు నోట్లెకెళ్ళి వస్తలేదు. నువ్వు మంచిగన్నవ్." తర్వాత, "ఉంటనే అన్నా, తలుపు బిగియ్యాలె," అన్నాడు.

క్షమించానని అనలేదు. నేనూ అడగలేదు. అడిగితే అంటాడని తెలుసు, అందుకే అడగలేదు.

మెట్లు దిగి వాకిట్లోకి వెళ్ళాను. తుక్కు బండి వచ్చి ఉంది. ఇద్దరు బంగ్లా మనుషులు పొయ్యిలు మోసి విసురుతున్నారు. కుప్ప నిజానికి నా భుజాల ఎత్తు కూడా లేదు. చేతులకు మసి అంటించుకుని ఒక్కొక్కటీ తిప్పి చూశాను. పదిహేడు, తొమ్మిది, ఇరవై రెండు. అడుగున, వంకర ఎర్ర అంకె. మూడు.

దాని నాబ్ ఊడిపోయి ఉంది. అది ఉండాల్సిన చోట ఒక ఇనప పుల్ల, దాని చుట్టూ గట్టిపడిన జిడ్డు. అది ఎటు తిరిగి ఉందో చెప్పడానికి ఏ గుర్తూ లేదు.

"క్యా ఢూండ్తా హై భాయ్?" అన్నాడు బంగ్లా మనిషి.

"కుచ్ నహీ," అన్నాను.

అతడు మూడో నంబరును ఎత్తి బండిలో పడేశాడు. నేను నల్లా దగ్గర చేతులు కడుక్కుని, రెండో అంతస్తు దాకా ఎక్కాను. ఎక్కి, ఆ పుల్ల సరిగ్గా చూశానా అనిపించి, మళ్ళీ దిగాను.